గేమ్ జీనీ నుంచి గేమ్‌షార్క్ దాకా: పాత వీడియో గేమ్‌ల చీట్ పరికరాలపై తరచుగా అడిగే ప్రశ్నలు

పాత కన్సోళ్లని, అంటే టీవీకి తగిలించి ఆడే గేమ్ యంత్రాలని, బాగుచేసుకుని మళ్లీ ఆడుకునేవాళ్లు చాలామందే ఉన్నారు. గేమ్ కాసెట్లు, జాయ్‌స్టిక్‌ల గురించి వాళ్లకి బాగానే తెలుస్తుంది. చీట్ పరికరం దగ్గరికి వచ్చేసరికి మాత్రం అనుమానాలు మొదలవుతాయి. నన్ను ఎక్కువగా అడిగిన ప్రశ్నలకి నాకు తెలిసినంతలో ఇక్కడ జవాబులు రాశాను. ఒకటి రెండు చోట్ల కొంచెం లెక్కలు వస్తాయి. వాటిని దాటేయకండి, ఈ పరికరాల అసలు అందం అక్కడే ఉంది.

చీట్ కోడ్ వేరు, చీట్ పరికరం వేరా?

వేరే. కాంట్రా అనే గేమ్ మొదలయ్యే ముందు పైకి, పైకి, కిందకి, కిందకి, ఎడమ, కుడి, ఎడమ, కుడి, బి, ఏ నొక్కితే 30 లైఫులు వస్తాయి. అది గేమ్ తయారు చేసినవాళ్లే లోపల పెట్టిన కోడ్. ఆ గేమ్ చేసిన కొనామీ కంపెనీలో పనిచేసిన కజుహిసా హషిమోతో 1986లో గ్రేడియస్ గేమ్‌ని ఇంటి కన్సోల్‌కి మార్చే పనిలో ఉన్నప్పుడు, చివరిదాకా ఆడి పరీక్షించడం తనవల్ల కాక ఆ బటన్ల వరుస పెట్టుకున్నారు. కాంట్రాలోకి అదే తర్వాత వచ్చింది.

పరికరం అలా కాదు. గేమ్ తయారు చేసినవాళ్లు ఏ దొంగదారీ పెట్టకపోయినా, కాసెట్‌కీ కన్సోల్‌కీ మధ్య కూర్చుని మనమే దారి చేసుకునేలా చేస్తుంది.

మొదట వచ్చింది ఏది?

ఇంగ్లండ్‌లో స్టాఫర్డ్‌షైర్ కౌంటీలోని స్టోన్ అనే ఊళ్లో డేటెల్ అనే కంపెనీ ఉంది. 1980లలో కమడోర్ 64 కంప్యూటర్ కోసం వాళ్లు యాక్షన్ రీప్లే అనే కార్ట్రిడ్జ్ చేశారు. ఆడుతున్న ఆటని ఉన్నచోటే ఆపేసి, మెమరీలో ఏముందో చూసి, మార్చి, మళ్లీ నడిపించొచ్చు.

ఇంటింటికీ పేరు చేరింది మాత్రం గేమ్ జీనీతో. దాన్ని రూపొందించింది రిచర్డ్, డేవిడ్ డార్లింగ్ అన్నదమ్ములు స్థాపించిన కోడ్‌మాస్టర్స్, అది కూడా ఇంగ్లండ్ కంపెనీయే. నింటెండో కంపెనీ ఎన్ఈఎస్ కన్సోల్ కోసం చేసిన గేమ్ జీనీని 1990లో కెనడాలో కామెరికా, 1991లో అమెరికాలో గాలూబ్ అనే బొమ్మల కంపెనీ అమ్మకానికి పెట్టాయి. తర్వాత సూపర్ నింటెండో, సెగా జెనెసిస్, గేమ్ బాయ్, గేమ్ గేర్‌లకీ వచ్చింది. నింటెండో దీనిమీద కోర్టుకెక్కితే, సెగా తన కన్సోల్‌కి వచ్చిన గేమ్ జీనీకి లైసెన్సే ఇచ్చింది.

గేమ్ జీనీలో వేసే ఆరు అక్షరాల వెనక ఏముంది?

నాకు అన్నిటికంటే ఇష్టమైన ప్రశ్న ఇది.

సూపర్ మారియో బ్రదర్స్‌కి బాగా పేరున్న కోడ్ ఒకటుంది: ఎస్, ఎక్స్, ఐ, ఓ, పీ, ఓ. ఇది వేస్తే లైఫులు తగ్గవు. చూడటానికి మంత్రంలా ఉంటుంది కానీ ఇందులో ఉన్నవి రెండే రెండు సంగతులు: ఒక అడ్రస్ (గేమ్ ప్రోగ్రాంలో ఒక చోటు), అక్కడ పెట్టాల్సిన ఒక విలువ.

ఎన్ఈఎస్ గేమ్ జీనీలో వాడేవి 16 అక్షరాలే. ఏ, పీ, జెడ్, ఎల్, జీ, ఐ, టీ, వై, ఈ, ఓ, ఎక్స్, యూ, కే, ఎస్, వీ, ఎన్. వీటికి వరుసగా 0 నుంచి 15 దాకా విలువలు. 16 విలువలంటే ఒక్కో అక్షరానికి 4 బిట్లు (ఒక బిట్ అంటే 0 లేదా 1). ఆరు అక్షరాలకి 24 బిట్లు. అందులో 15 బిట్లు అడ్రస్‌కి, 8 బిట్లు కొత్త విలువకి పోతాయి. మిగిలిన ఒక్క బిట్ మూడో అక్షరంలో ఉంటుంది, కోడ్ ఆరు అక్షరాలదా ఎనిమిది అక్షరాలదా అని చెప్పడమే దాని పని. బిట్లని వరుసగా కాకుండా కలగాపులగంగా కలిపేశారు కాబట్టి పైకి ఏమీ అర్థం కాదు.

మారియో కోడ్‌ని విప్పితే పదహారు గుర్తుల లెక్కలో (0 నుంచి 9, తర్వాత ఏ నుంచి ఎఫ్) 91డీ9 అనే అడ్రస్, ఏడీ అనే విలువ వస్తాయి. అసలు గేమ్‌లో ఆ చోట ఉన్నది సీఈ. ఎన్ఈఎస్ ప్రాసెసర్ భాషలో సీఈ అంటే "ఫలానా చోట ఉన్న అంకెలోంచి ఒకటి తీసెయ్". ఆ ఫలానా చోటు లైఫుల సంఖ్య దాచిన చోటు. ఏడీ అంటే "ఫలానా చోట ఉన్న అంకెని చదువు". అంటే మారియో చనిపోయినప్పుడు లైఫ్ తీసేయాల్సిన గేమ్, ఎన్ని ఉన్నాయో చూసి ఊరుకుంటుంది.

ఇంకో సొగసు కూడా ఉంది. తర్వాతి ఆదేశం "వచ్చిన ఫలితం సున్నాకంటే తక్కువా కాదా" అని చూస్తుంది. తక్కువైతే గేమ్ ఓవర్. తీసెయ్యడానికి బదులు చదవడం పెట్టినా, ఆ పరీక్షకి కావాల్సిన గుర్తుని ప్రాసెసర్ మామూలుగానే సిద్ధం చేస్తుంది. కాబట్టి ఆట ఎక్కడా తడబడదు. ఒక్క బైట్ (8 బిట్లు) మారిస్తే చాలని కనిపెట్టినవాళ్లు గేమ్ గుండెకాయ దాకా వెళ్లి చూసుంటారు.

మరి కొన్ని కోడ్‌లు ఎనిమిది అక్షరాలు ఎందుకు?

ఎన్ఈఎస్ ప్రాసెసర్ కాసెట్ ప్రోగ్రాంలోంచి ఒక్కసారి 32 కిలోబైట్లే చూడగలదు. పెద్ద గేమ్‌లు ముక్కలు ముక్కలుగా ఉండి, అవసరమైనప్పుడు ఒక ముక్క పోయి ఇంకో ముక్క అదే అడ్రస్‌లోకి వస్తుంది. ఆరు అక్షరాల కోడ్‌కి ఇప్పుడున్నది ఏ ముక్కో తెలియదు, ఆ అడ్రస్ చదివిన ప్రతిసారీ విలువ మార్చేస్తుంది. దాంతో ఎక్కడో సంబంధం లేని బొమ్మలు చెదిరిపోవచ్చు, ఆట ఆగిపోవచ్చు. ఎనిమిది అక్షరాల కోడ్‌లో అదనంగా వచ్చిన 8 బిట్లు "అక్కడ ఫలానా విలువ ఉంటేనే మార్చు" అని షరతు పెడతాయి.

సెగా జెనెసిస్‌లో పద్ధతి వేరు. అక్కడ 22 అక్షరాలు, 10 అంకెలు కలిపి 32 గుర్తులు. ఐ, ఓ, క్యూ, యూ వాడరు. ఎవరైనా రాసిచ్చిన జెనెసిస్ కోడ్‌లో ఓ కనిపిస్తే అది సున్నా అని అర్థం.

యాక్షన్ రీప్లే, గేమ్‌షార్క్ కూడా ఇలాగే పనిచేస్తాయా?

ఇలా కాదు. గేమ్ జీనీ ముట్టుకునేది గేమ్ ప్రోగ్రాంని. ప్రాసెసర్ కాసెట్‌లోంచి చదువుతుంటే మధ్యలో చెయ్యి పెట్టి వేరే విలువ అందిస్తుంది. యాక్షన్ రీప్లే, గేమ్‌షార్క్ ముట్టుకునేది ఆట నడుస్తున్నప్పటి మెమరీని, అంటే ర్యామ్‌ని. లైఫుల సంఖ్య ఎక్కడుందో అక్కడ మళ్లీ మళ్లీ, సెకనుకి ఎన్నోసార్లు, మనకి కావాల్సిన అంకె రాస్తూ ఉంటాయి. గేమ్ ఒకటి తగ్గిస్తుంది, ఇది వెంటనే మళ్లీ 9 రాసేస్తుంది.

ఇంట్లో పంచదార డబ్బా ఖాళీ కాకుండా ఉండాలంటే రెండు దారులు. ఎవరూ తీసుకోకుండా చూడాలి, లేదా తీసిన ప్రతిసారీ నింపుతూ ఉండాలి. గేమ్ జీనీది మొదటి దారి, గేమ్‌షార్క్‌ది రెండోది.

గేమ్‌షార్క్ అనేది అమెరికాలో ఇంటరాక్ట్ అనే కంపెనీ పెట్టిన పేరు. లోపలి సరుకు చాలావరకు డేటెల్‌దే, అందుకే ఐరోపాలో అదే వస్తువు యాక్షన్ రీప్లే పేరుతో దొరికేది. 2003లో గేమ్‌షార్క్ పేరుని మ్యాడ్ క్యాట్జ్ కొనుక్కుంది. ఇవి కాక ఎక్స్‌ప్లోడర్, కోడ్‌బ్రేకర్ కూడా ఉన్నాయి. ఒకదాని కోడ్ ఇంకోదానికి పనికొస్తుందని అనుకోవద్దు.

ప్లేస్టేషన్ కోడ్‌లు 80తోనో 30తోనో మొదలవుతాయి. ఎందుకు?

మొదటి రెండు అంకెలు ఏం చేయాలో చెబుతాయి. 80 అంటే రెండు బైట్లు రాయి. 30 అంటే ఒక్క బైటే రాయి. డీ0తో మొదలైతే అది షరతు: అక్కడ ఫలానా విలువ ఉంటేనే తర్వాతి లైను అమలు చెయ్. బటన్ నొక్కినప్పుడు మాత్రమే పనిచేసే కోడ్‌లు ఇలాగే చేస్తారు. నొక్కిన బటన్ల విలువ మెమరీలో ఎక్కడ ఉంటుందో డీ0 లైనులో ఇస్తారు.

నింటెండో 64లో 80 అంటే ఒక బైట్, 81 అంటే రెండు. ప్లేస్టేషన్ అలవాటుతో చదివితే తప్పు పడుతుంది, జాగ్రత్త.

పోకెమాన్‌లో మ్యూని తెప్పించే కోడ్ నిజమేనా?

నిజమే. పోకెమాన్ రెడ్, బ్లూ గేమ్‌లలో మ్యూ అనే పోకెమాన్ మామూలుగా ఆడితే ఎదురుపడదు. గేమ్ బాయ్ గేమ్‌షార్క్‌లో 0115డీ8సీఎఫ్ అని వేసి గడ్డిలో తిరిగితే మ్యూ ఎదురవుతుంది. 01 అంటే రాయమనే ఆదేశం. 15 అంటే గేమ్ లోపల మ్యూకి ఉన్న నంబరు. చివరి నాలుగు అడ్రస్, కాకపోతే రెండు సగాలూ తిరగేసి చదవాలి: సీఎఫ్‌డీ8. అడవి పోకెమాన్ ఏదో గేమ్ గుర్తుపెట్టుకునే చోటు అదే. 15 తీసి వేరే నంబరు పెడితే వేరే పోకెమాన్ వస్తుంది. మ్యూ దొరకగానే కోడ్ ఆపేయండి, లేకపోతే ఎదురయ్యేవన్నీ మ్యూలే.

మన చిన్నప్పటి టీవీ గేమ్‌కి గేమ్ జీనీ తగిలించొచ్చా?

1990లలో మన ఊళ్లలో దొరికిన టీవీ గేమ్‌లలో ఎక్కువ భాగం ఫామికామ్‌కి, అంటే ఎన్ఈఎస్ జపాన్ రూపానికి, నకళ్లు. వాటి కాసెట్లకి 60 పిన్నులు. గేమ్ జీనీ తయారైంది అమెరికా ఎన్ఈఎస్ కోసం, దానికి 72 పిన్నులు. నేరుగా పట్టదు. 60 నుంచి 72కి మార్చే అడాప్టర్ కింద ఒకటి, మన కాసెట్‌ని పైన పెట్టడానికి ఇంకొకటి కావాలి. చేసి చూశాను, పనిచేసింది. అంత ఎత్తున నిలబెట్టిన గోపురం చిన్న తోపుకే కదిలి ఆట హ్యాంగ్ అవుతుంది. బల్లకి ఎవరూ తగలకుండా చూసుకోవాలి.

ఒకే కాసెట్‌లో చాలా గేమ్‌లు ఉంటే అన్నీ అవే అడ్రస్‌లు పంచుకుంటాయి. మారియో కోసం వేసిన కోడ్ మెనూనే పాడుచేసే ప్రమాదం ఉంది. ఎనిమిది అక్షరాల కోడ్ దొరికితే అదే వాడండి.

"9999 ఇన్ 1" కాసెట్లలో ఒకే గేమ్ పదిసార్లు ఎందుకు ఉండేది?

పరికరం లేకుండానే మనకి అందిన చీట్ అది. లోపల నిజంగా ఉన్నవి కొన్ని గేమ్‌లే. మెనూలో ఒక్కో పేరుకి ఒక్కో మొదలు పెట్టారు: ఒకదాంట్లో మారియో మూడో వరల్డ్‌లో మొదలవుతాడు, ఇంకోదాంట్లో లైఫులు ఎక్కువ ఉంటాయి, కాంట్రా అయితే మంచి గన్‌తో మొదలవుతుంది. గేమ్ మొదలయ్యే ముందే మెమరీలో కొన్ని విలువలు రాసేసి పంపడం, గేమ్‌షార్క్ చేసే పనికి దగ్గరి చుట్టమే. నేను ఎండాకాలం సెలవుల్లో ఆ నంబర్లని నోట్‌బుక్‌లో రాసుకున్నాను, ఏ నంబరుకి ఏ లెవెల్ వస్తుందో. అది నేను రాసుకున్న మొదటి చీట్ పుస్తకం, అప్పుడు ఆ సంగతి నాకు తెలియదు.

గేమ్ జీనీ పెడితే కన్సోల్ పాడవుతుందా?

కోడ్‌ల వల్ల కాదు, సైజు వల్ల నష్టం ఉంది. ముందువైపు నుంచి కాసెట్ తోసే ఎన్ఈఎస్‌లో గేమ్ జీనీ బోర్డు మామూలు కాసెట్ బోర్డు కంటే మందంగా ఉంటుంది. అది లోపలి 72 పిన్నుల కనెక్టర్‌ని వెడల్పు చేసేస్తుంది. కొన్నాళ్లకి గేమ్ జీనీ ఉంటేనే ఆన్ అవుతుంది, మామూలు కాసెట్ పెడితే తెర మిణుకుమిణుకుమంటుంది. అలా అయితే కనెక్టర్ మార్చడమే మార్గం. ఆడటం అయిపోగానే తీసేయండి, రాత్రంతా లోపల ఉంచకండి.

కాసెట్ పెట్టేటప్పుడు గాలి ఊదే అలవాటు మనందరిదీ. మానేయండి. నోటి తడి పిన్నులకి తుప్పు పట్టిస్తుంది. ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌ని దూదిపుల్లకి అద్ది తుడిచి, పూర్తిగా ఆరాకే పెట్టాలి.

సేవ్ చేసుకున్న ఆట పోతుందా?

పోవచ్చు. కోడ్ మార్పు పరికరం తీయగానే పోతుంది, కాసెట్‌లోని ప్రోగ్రాం మారదు. కానీ కోడ్ వల్ల మెమరీలో వచ్చిన విలువల్ని ఆట సేవ్ చేస్తే, అవి కాసెట్ బ్యాటరీ మెమరీలోకో మెమరీ కార్డులోకో శాశ్వతంగా చేరిపోతాయి. నేను ఒకసారి "అన్ని వస్తువులూ" అనే కోడ్ వేసి నలభై గంటలు ఆడిన ఆట మీదే సేవ్ చేశాను. కథలో తర్వాత రావాల్సిన తాళంచెవి ముందే సంచిలో ఉండటంతో, దాన్ని ఇవ్వాల్సిన మనిషి మాట్లాడటమే మానేశాడు. ముందుకి దారి లేదు. అప్పటినుంచి ఒక్కటే పద్ధతి పాటిస్తున్నాను: కోడ్‌లకి వేరే సేవ్, మామూలు ఆటకి వేరే సేవ్.

కోడ్ సరిగ్గానే వేశాను. అయినా పనిచేయట్లేదు.

ముందు గేమ్ వెర్షన్ చూడండి. అమెరికా, ఐరోపా, జపాన్ డిస్కులు ఒకే పేరుతో ఉన్నా లోపలి అడ్రస్‌లు మారిపోతాయి. ఒకే దేశంలో తర్వాత వచ్చిన సవరించిన ముద్రణలోనూ మారొచ్చు. దొరికిన కోడ్‌లు ఎక్కువగా అమెరికా వెర్షన్‌వి, చేతిలో ఉన్న డిస్కు ఇంకోటి, గొడవంతా ఇక్కడే.

తర్వాత బీకి 8, సున్నాకి ఓ పొరపాట్లు చూసుకోండి. ఆ తర్వాత ఎన్ని కోడ్‌లు వేశారో లెక్కపెట్టండి. ఎన్ఈఎస్ గేమ్ జీనీ ఒకేసారి మూడే తీసుకుంటుంది, జెనెసిస్‌ది అయిదు.

నింటెండో 64లో ఇంకో చిక్కు ఉంది. కాసెట్లలోని భద్రతా చిప్ అన్నిటికీ ఒకటి కాదు. కొన్ని గేమ్‌లకి ముందుగా కీ కోడ్ వేస్తే తప్ప గేమ్‌షార్క్ మొదలే కాదు.

ప్లేస్టేషన్‌లో అయితే వెనకవైపు చూడండి. మొదటి గేమ్‌షార్క్‌లు వెనకున్న ప్యారలల్ పోర్టులో పెట్టేవి. 9000 వరుస మోడళ్లలో ఆ పోర్టు తీసేశారు, చిన్న పీఎస్ వన్‌లోనూ లేదు. వాటికి సీడీ రూపంలో వచ్చినవే పనికొస్తాయి.

నింటెండో కేసులో ఏమైంది?

గేమ్ జీనీ వల్ల తమ గేమ్‌లకి అనుమతి లేని కొత్త రూపాలు పుడుతున్నాయని, అది కాపీరైట్ ఉల్లంఘన అని నింటెండో వాదించింది. కేసు నడిచినంత కాలం గాలూబ్ అమ్మకుండా తాత్కాలికంగా ఆపించింది. 1991లో కాలిఫోర్నియాలో జడ్జి ఫెర్న్ స్మిత్ గాలూబ్ వైపు తీర్పిచ్చారు. 1992లో తొమ్మిదో సర్క్యూట్ అప్పీలు కోర్టు దాన్నే సమర్థించింది. ఆట చూపించడం గేమ్ జీనీకి దానంతట దానికి చేతకాదు, కొనుక్కున్న కాసెట్ ఉంటేనే దానికి పని, తీసేస్తే ఏమీ మిగలదు. గేమ్‌కి డబ్బు కట్టినవాడు తన ఇంట్లో దాన్ని తనకి నచ్చినట్టు ఆడుకోవచ్చన్నది తీర్పు సారం. అమ్మకాలు ఆపించినందుకు నింటెండో కట్టిన కోటిన్నర డాలర్ల బాండు చివరికి గాలూబ్‌కే దక్కింది.

ఐరోపాలో ఇదే రకం గొడవ సోనీకీ డేటెల్‌కీ పీఎస్పీ (సోనీ చేతిలో పట్టుకుని ఆడే కన్సోల్) మీద నడిచింది. 2024 అక్టోబరులో ఐరోపా న్యాయస్థానం, ఆట నడుస్తున్నప్పుడు మెమరీలోని విలువలు మార్చినంత మాత్రాన ప్రోగ్రాం కాపీరైట్‌ని ఉల్లంఘించినట్టు కాదని చెప్పింది.

ఈ తీర్పులు ఇంట్లో ఒంటరిగా ఆడే ఆటల గురించి. ఆన్‌లైన్‌లో ఎదుటివాళ్లతో ఆడుతూ చీట్ వాడటాన్ని నేను ఎప్పుడూ సమర్థించను. అక్కడ అవతల ఒక మనిషి ఉన్నాడు.

ఇప్పుడు కొనడం అవసరమా?

కోడ్‌లు వాడటమే మీకు కావాల్సిందైతే అవసరం లేదు. ఎవర్‌డ్రైవ్ లాంటి ఫ్లాష్ కార్ట్రిడ్జ్‌లలో (మెమరీ కార్డులోని గేమ్‌లని నడిపే కాసెట్లు) గేమ్ జీనీ కోడ్‌లు వేసుకునే ఏర్పాటు ఉంది. కంప్యూటర్‌లో ఎఫ్‌సీఈయూఎక్స్, రెట్రోఆర్చ్ లాంటి ఎమ్యులేటర్లు (పాత కన్సోల్‌లా నటించే ప్రోగ్రాంలు) కూడా తీసుకుంటాయి. పాత వస్తువు చేత్తో పట్టుకోవాలని ఉంటే కొనండి, ఆ ఆశ నాకూ ఉంది. డబ్బిచ్చే ముందు ఆన్ అయిన వీడియో అడగండి. పాత గేమ్‌షార్క్‌లలో కోడ్‌లు దాచే మెమరీ చెడిపోయి ఉండొచ్చు, ముఖ్యంగా కోడ్ సేవ్ అవుతుండగా ఎవరైనా కరెంటు తీసేసి ఉంటే.

సొంతంగా కోడ్ కనిపెట్టడం ఎలా?

ఎఫ్‌సీఈయూఎక్స్‌లో ర్యామ్ సెర్చ్ ఉంటుంది. ఆట మొదలుపెట్టండి. ఒక లైఫ్ పోగొట్టుకుని, "ఇంతకుముందు కంటే తగ్గినవి" అని వెతకండి. వందల్లో అడ్రస్‌లు వస్తాయి. కాసేపు చనిపోకుండా ఆడి "మారనివి" అని వడకట్టండి. మళ్లీ ఒక లైఫ్ పోగొట్టుకుని "తగ్గినవి". నాలుగైదుసార్లు చేస్తే రెండు మూడు మిగులుతాయి. ఒక్కోదాన్ని మార్చి చూడండి. తెరమీద 3 కనిపిస్తే మెమరీలో 2 ఉండొచ్చని గుర్తుంచుకోండి, మారియోలో అంతే.

మొదటి ప్రయోగానికి ఏదైనా చెప్పండి.

పైన చెప్పిన మారియో కోడ్‌నే తీసుకోండి. మొదటి రెండు అక్షరాలు ఎస్, ఎక్స్ తీసేసి రెండు చోట్లా వీ పెట్టండి: వీ, వీ, ఐ, ఓ, పీ, ఓ. అడ్రస్ అదే. విలువ ఏడీ బదులు ఈఈ అవుతుంది, అంటే "ఒకటి కలుపు". ఇప్పుడు మారియో గుంటలో పడిన ప్రతిసారీ లైఫ్ పెరుగుతుంది. అలాగే పడుతూ ఉండండి. మెమరీలో 2తో మొదలైన అంకె 126 సార్లు చనిపోయాక 128 అవుతుంది. ఒక బైట్‌లో 128 అంటే ఆ గేమ్ లెక్కలో సున్నాకంటే తక్కువ. అన్ని లైఫులు ఉండగానే గేమ్ ఓవర్ అని వస్తుంది.